నిజంగానే రంగు మారే మంత్రాల పుస్తకం: ఇంట్లో తయారు చేసుకోవడం ఎలా

స్కూళ్ళ వార్షికోత్సవాలు దగ్గరపడితే చాలు, అదే ప్రశ్న మళ్ళీ మళ్ళీ వస్తుంది. నాటకంలో రంగులతో మాయ చేసే ఒక పురాతన గ్రంథం ఉంది, దాన్ని ఎలా చేయాలి అని. షార్ట్ ఫిల్మ్ తీసే కుర్రాళ్ళూ ఇదే అడుగుతారు, ఫాంటసీ కథ రాస్తూ ఆ కథలోని పుస్తకం చేతిలో ఉంటే బాగుండు అనుకునేవాళ్ళూ ఇదే అడుగుతారు. ఒక్కొక్కరికీ విడిగా చెప్పే బదులు మొత్తం ఒకచోట రాసేస్తున్నాను.

థర్మాకోల్ అట్టకు బంగారు పెయింట్ కొట్టి, మధ్యలో ఒక కన్ను అతికిస్తే అదీ మంత్రాల పుస్తకమే. అది చాలనుకుంటే ఇక్కడితో ఆపేయొచ్చు, అరగంటలో అయిపోతుంది. నేను చెప్పేది వేరే. చూసేవాళ్ళ కళ్ళ ముందే పసుపు పేజీ ఎర్రబడుతుంది, నీలం గులాబీ అవుతుంది, ఖాళీ పేజీలో నల్లటి అక్షరం తేలుతుంది. లైటింగ్ ట్రిక్కులు, గ్రాఫిక్స్ ఏమీ ఉండవు. ఇందులో కష్టమైన పని ఏదీ లేదు. కానీ మూడు చోట్ల అందరూ దెబ్బతింటారు: నీళ్ళు, కాగితం, ఇనుము. ఆ మూడింటి గురించే ఎక్కువ రాస్తాను.

కావలసినవి

- పాత నూలు పంచె లేదా దుప్పటి ముక్క. పాలిస్టర్ కలిసింది వద్దు.
- పసుపు కొమ్ములు, లేదంటే నమ్మకమైన చోట ఆడించిన పసుపు
- సర్జికల్ స్పిరిట్, మెడికల్ షాపులో చిన్న సీసా
- తాంబూలంలోకి వాడే తడి సున్నం
- నిమ్మ ఉప్పు, ఓ పది నిమ్మకాయలు
- నీలం రంగు శంఖుపూలు, రెండు గుప్పెళ్ళు (తెల్లవి పనికిరావు)
- కరక్కాయలు అయిదారు, అన్నభేది (ఫెర్రస్ సల్ఫేట్ అనే ఇనుప లవణం) కొంచెం. రెండూ మూలికలు అమ్మే అంగట్లో దొరుకుతాయి.
- గంజి, టీ పొడి
- బోరు నీళ్ళు కాకుండా, క్యాన్ నీళ్ళు
- స్టీలు గానీ గాజు గానీ గిన్నెలు, చెక్క గరిటె
- తాటాకులు, నూలు తాడు, పలచటి చెక్క ముక్కలు రెండు
- మార్కాపురం పలక ఒకటి, బలపం (ఇది మీ ఇష్టం)

చెక్క గరిటె అని ఊరికే రాయలేదు. ఉదయగిరి చెక్క స్పూన్లు ఇంట్లో ఉంటే అవే వాడండి, పులుపు తగిలినా సున్నం తగిలినా వాటికేమీ కాదు. ఇనప గరిటెతో ఏమవుతుందో కింద చెబుతాను.

ఏవి వద్దు: పాత రోజుల్లో పుస్తకాలకు, బొమ్మలకు రంగుల కోసం హరిదళం, ఇంగిలీకం, సిందూరం వాడేవాళ్ళు కదా, అవి తెచ్చుకుంటే ఇంకా నిజంగా ఉంటుంది కదా అని కొందరు అడుగుతారు. హరిదళంలో ఉండేది ఆర్సెనిక్, ఇంగిలీకంలో పాదరసం, సిందూరంలో సీసం. పిల్లలు ముట్టుకునే పుస్తకంలో వీటికి చోటు లేదు. మైలుతుత్తం (కాపర్ సల్ఫేట్) కూడా వద్దు.

1. ముందు మాయకు నియమం రాసుకోండి

దీన్ని దాటేసి నేరుగా రంగుల్లోకి దూకుతారు చాలామంది. తర్వాత పుస్తకం ఉంటుంది గానీ అందులో ఏం రాయాలో తోచదు. ఎరుపు అంటే కోపం, తెలుపు అంటే శాంతి లాంటివి ప్రేక్షకులు సినిమాల్లో చాలా చూసేశారు. దాని బదులు ఒకే ఒక్క ప్రశ్న వేసుకోండి: మీ లోకంలో రంగు ఎక్కడి నుంచి వస్తుంది, వచ్చాక ఎవరికి తగ్గుతుంది?

మన చుట్టూనే జవాబులు ఉన్నాయి. పులికాట్ సరస్సుకు వచ్చే ఫ్లెమింగోలు పుట్టుకతో గులాబీ కావు, పిల్లలుగా ఉన్నప్పుడు బూడిద రంగులో ఉంటాయి, తినే తిండిలోని రంగు ఒంటికి పట్టి గులాబీ అవుతాయి. అంటే ఆ పక్షి రంగును తింటుంది! ఈ ఒక్క సంగతి మీద ఒక మంత్ర వ్యవస్థ మొత్తం కట్టొచ్చు: రంగు కావాలంటే తినాలి, తిన్నచోట ఆ రంగు పోతుంది. చీమకుర్తి నల్ల గ్రానైట్ చూశారుగా, నలుపులో బంగారు చుక్కలు మెరుస్తుంటాయి, మీ లోకంలో రాత్రిని రాయిలో దాచిపెట్టిన చోటు అదే కావచ్చు.

నియమం ఒక్క వాక్యంలో రాయండి. రెండు వాక్యాలు పట్టిందంటే అది స్టేజీ మీద అర్థం కాదు.

2. పుస్తకం ఆకారం తేల్చుకోండి

కెమెరా దగ్గరగా వచ్చే షార్ట్ ఫిల్మ్‌కైతే తాళపత్ర గ్రంథం లాంటిది బ్రహ్మాండంగా ఉంటుంది. స్టేజీకైతే వద్దు. నాలుగు సెంటీమీటర్ల వెడల్పు ఆకు మీద రంగు మారితే మొదటి వరసలో కూర్చున్న హెడ్మాస్టరుకు కూడా కనపడదు. స్టేజీకి కనీసం ఎ3 సైజు గుడ్డ పేజీలు చేయండి.

ఇంకో సంగతి. తాటాకు నున్నగా ఉంటుంది, రంగు నీళ్ళు దాని మీద నిలవవు, చుక్కలుగా జారిపోతాయి. అందుకే తాటాకు రాతకు, గుడ్డ మాయకు. అదే కొలతలో గుడ్డ పట్టీలు కత్తిరించి తాటాకుల మధ్య పెట్టి కట్టేస్తే రెండూ కలిసిపోతాయి.

తాటాకు తయారు చేయడం: మరీ లేతదీ మరీ ముదురుదీ కాని ఆకు తీసుకోండి. ఈనె తీసేసి, ఒకే కొలతకు పట్టీలు కోసి, పసుపు వేసిన నీళ్ళలో కాసేపు ఉడికించండి. నీడలోనే ఆరబెట్టాలి, ఎండలో పెడితే చుట్టుకుపోయి నెరెలిస్తుంది. ఆరాక బరువు కింద రెండు మూడు రోజులు ఉంచండి. గంటం లేకపోతే కాంపస్ ముల్లుతో అక్షరాలు గీయండి. ముల్లు మొనను గచ్చు మీద నాలుగుసార్లు రుద్ది కాస్త మొద్దు చేసుకోకపోతే ఆకు చిరుగుతుంది. గీసినప్పుడు ఏమీ కనిపించదు, కంగారు పడకండి. దీపం మసిలో రెండు చుక్కలు నువ్వుల నూనె కలిపి ఆకంతా పూసి, పొడి గుడ్డతో గట్టిగా తుడిచేయండి. పైన మసి పోతుంది, గీతల్లో దిగింది మాత్రం అలాగే ఉండి అక్షరాలు నల్లగా లేస్తాయి. పిల్లలకు మొత్తం పుస్తకంలో అన్నిటికన్నా నచ్చేది ఈ తుడిచే క్షణమే.

3. గుడ్డ పేజీలు

పంచెను పేజీ కొలతకు కత్తిరించి, క్యాన్ నీళ్ళలో బాగా జాడించండి. ఇది చాలా ముఖ్యం, ఎందుకంటే సబ్బు పొడి ఆనవాలు ఉంటే మీ పసుపు పేజీ మాయ మొదలుకాక ముందే ఎర్రబడుతుంది. తెల్ల చొక్కా మీద సాంబారు మరకకు సబ్బు పెట్టగానే ఎర్రగా మారడం అందరం చూసిందే, అదే ఇది. ఆఖరి జాడింపు నీళ్ళలో చిటికెడు నిమ్మ ఉప్పు వేసి, ఆ తర్వాత ఒకసారి మామూలు క్యాన్ నీళ్ళలో ముంచి తీయండి.

తర్వాత చిక్కటి గంజిలో ముంచి, పిండి, తాడు మీద సాగదీసి ఆరేయండి. ఏ బియ్యం గంజి అయినా ఫర్వాలేదు. మొలగొలుకులే కావాలని మా ఇంట్లో పెద్దవాళ్ళు పట్టుబడతారు, అది పుస్తకం కోసం కాదు, మిగిలిన అన్నం కోసం. ఆరాక ఇస్త్రీ చేస్తే అట్టలా నిలబడుతుంది.

కాగితమే వాడాలనుకుంటే ముందు పరీక్షించండి. జిరాక్స్ కాగితాల్లో చాలావాటిలో సుద్ద లాంటి పదార్థం కలిపి ఉంటుంది, దాని మీద శంఖుపూల నీలం ఆకుపచ్చ వైపు జారిపోతుంది. ఒక మూల శంఖుపూల రసం చుక్క వేసి చూడండి, నీలంగానే నిలిస్తే ఆ కాగితం పనికొస్తుంది.

4. పసుపు పేజీ, ఎరుపు మంత్రం

అన్నిట్లో నమ్మకమైనది ఇదే. ఒక్క మాయ మాత్రమే పెట్టుకునే ఓపిక ఉంటే ఇదొక్కటే పెట్టుకోండి.

పసుపు నీళ్ళలో సరిగా కరగదు, అడుగున మడ్డి పడుతుంది. పేజీ మీద అది మచ్చలు మచ్చలుగా కనపడి, "ఇది పసుపేగా" అని పిల్లలే పట్టేస్తారు. స్పిరిట్‌లో అయితే రంగు బాగా దిగుతుంది. సగం టీ కప్పు స్పిరిట్‌లో ఒక టీస్పూన్ పసుపు వేసి, మూతపెట్టి, మధ్యమధ్య కుదుపుతూ గంటసేపు ఉంచి, మడ్డి కదలకుండా పై తేట మాత్రం వంచుకోండి. స్పిరిట్ భగ్గున అంటుకుంటుంది. పొయ్యి, దీపం, అగరుబత్తి దగ్గర్లో ఉండకూడదు, కిటికీ తెరిచి ఉండాలి. ఈ పని పెద్దవాళ్ళే చేయాలి.

ఆ తేటను వెడల్పు బ్రష్‌తో గుడ్డ పేజీకి ఒక్క పూత వేయండి, నీడలో ఆరనివ్వండి.

ఇప్పుడు మంత్రజలం. శనగగింజంత తడి సున్నం ఒక గ్లాసు నీళ్ళలో కలిపి, కదపకుండా వదిలేస్తే సున్నం అడుక్కి దిగుతుంది. పైన నిలిచిన తేట నీళ్ళు వేరే గ్లాసులోకి తీసుకోండి. చూడ్డానికి మామూలు నీళ్ళే. అందులో ఇయర్ బడ్ ముంచి పసుపు పేజీ మీద రాస్తే రాసినచోటల్లా అప్పటికప్పుడు ఎర్రగా తేలుతుంది. దిష్టి తీసే ఎర్రనీళ్ళు, పెళ్ళిలో పారాణి, రెండింట్లోనూ జరిగేది ఇదే. ఎన్నోసార్లు చూసిందే అయినా ఖాళీ పేజీ మీద అక్షరంగా లేచేసరికి పెద్దవాళ్ళు కూడా "ఏందబ్బా ఇది" అంటారు.

వెనక్కి పంపాలంటే నిమ్మ ఉప్పు కలిపిన నీళ్ళు చల్లండి, మళ్ళీ పసుపు. నిమ్మరసమూ పనిచేస్తుంది, పొదలకూరు నిమ్మకాయల ఊళ్ళకు దగ్గర్లో ఉన్నాం కాబట్టి కాయలకు కొదవ లేదు. కానీ రసం పూసిన పేజీ ఆరాక జిగటగా తయారై తెల్లారేసరికి చీమలు బారు కడతాయి. రిహార్సల్స్‌కు నిమ్మ ఉప్పే మేలు.

హెచ్చరిక: సున్నపు తేట నీళ్ళలాగే కనపడుతుంది కాబట్టి ఎవరైనా తాగేసే ప్రమాదం ఉంది. గ్లాసులో వదిలేయొద్దు, పేరు రాసిన సీసాలో పెట్టండి. కంట్లో పడితే రుద్దకుండా, ధారగా నీళ్ళు పోస్తూ కనీసం పదిహేను నిమిషాలు కడిగి డాక్టరు దగ్గరికి వెళ్ళాలి. పొడి సున్నం, రాతి సున్నం ఇంట్లో తడపొద్దు, బుసబుసా పొంగి మీద చిందుతుంది. జేజమ్మ తాంబూలం డబ్బాలో ఉన్నది చాలు.

సున్నం దొరక్కపోతే చాకలి సోడా నీళ్ళు వాడొచ్చు. వంటసోడా అంత బాగా రాదు, ఎరుపు రాకుండా మట్టి రంగు దగ్గరే ఆగిపోతుంది.

5. నీలం పేజీ

పదిహేను ఇరవై శంఖుపూలు పచ్చ కాడలు తీసేసి, అర గ్లాసు వేడి నీళ్ళలో వేసి మూతపెట్టండి. పది నిమిషాల్లో ముదురు నీలం దిగుతుంది. గుడ్డను ముంచి ఆరబెట్టండి, కావాలంటే రెండోసారి ముంచండి. దీని మీద నిమ్మరసం తగిలితే ఊదా మీదుగా గులాబీ, వంటసోడా నీళ్ళు తగిలితే ఆకుపచ్చ. సున్నపు తేట మాత్రం వద్దు, అది ఘాటెక్కువై ఆకుపచ్చ దాటి పసుపులోకి ఈడ్చుకుపోతుంది, ఇక వెనక్కి రాదు.

శంఖుపూలు లేవా? ఎర్ర ఒంటిరేక మందారం రేకులు పేజీకి నేరుగా రుద్దండి. పులుపుకు గులాబీ, సోడాకు ఆకుపచ్చ వస్తాయి, ఏడో ఎనిమిదో తరగతి పిల్లలకు ఇది సైన్సు పాఠమే. రంగు మాత్రం శంఖుపూలంత శుభ్రంగా రాదు.

ఇక నీళ్ళ సంగతి. "మీరు చెప్పినట్టే చేశాం, నీలం రాలేదు, ఆకుపచ్చగా వచ్చింది" అనే మాట ఎక్కువగా బోరు నీళ్ళు వాడే ఊళ్ళ నుంచి వస్తుంది. కనిగిరి వైపు ఫ్లోరైడ్ నీళ్ళ గోడు అందరికీ తెలిసిందే, ఇటు సముద్రం పక్కన ఉప్పు నీళ్ళు. చాలా బోరు నీళ్ళలో కరిగి ఉండే లవణాల వల్ల మరిగించేకొద్దీ ఆ నీళ్ళకు సోడా గుణం పెరుగుతుంది, పువ్వు రంగు అక్కడే మారిపోతుంది. ఇరవై లీటర్ల క్యాన్ నీళ్ళు వాడితే ఈ గొడవ ఉండదు. క్యాన్ లేకపోతే పట్టిన వాన నీళ్ళు ఇంకా మంచివి.

6. ఖాళీ పేజీలో నల్లటి అక్షరం

ఇది నాకు అన్నిటికన్నా ఇష్టం. శ్రీకాళహస్తి కలంకారీ చేసేవాళ్ళు గుడ్డకు ముందు కరక్కాయ, పాలు పట్టిస్తారు. తర్వాత తుప్పు పట్టిన ఇనుమూ బెల్లమూ నీళ్ళలో నాళ్ళ తరబడి ఊరబెట్టిన రసంతో గీతలు గీస్తారు, ఆ గీత కరక్కాయ గుడ్డ మీద నల్లబడుతుంది. మనకు అంత టైము లేదు కాబట్టి ఇనుము బదులు అన్నభేది.

అయిదు కరక్కాయలు పగలగొట్టి గింజ తీసేసి, పై పెంకు మాత్రం నలగ్గొట్టండి. అర లీటరు నీళ్ళలో సగం అయ్యేదాకా స్టీలు గిన్నెలో కాచి వడకట్టండి. అందులో గుడ్డ పేజీని నానబెట్టి ఆరేస్తే లేత గోధుమ రంగు వస్తుంది. అదే మీకు పాత పేజీ రంగు కూడా, వేరే టీ నీళ్ళు అక్కర్లేదు.

వాడే రోజు మాత్రమే, అర టీస్పూన్ అన్నభేది ఒక చిన్న కప్పు నీళ్ళలో కలపండి. ఇది దాదాపు రంగు లేకుండా ఉంటుంది. బ్రష్ ముంచి పేజీ మీద రాయండి. మొదట లేత ఊదా కలిసిన బూడిద రంగు గీతగా కనపడుతుంది, గాలి తగిలేకొద్దీ చిక్కబడి నల్లగా దిగుతుంది. ఈ ఆలస్యాన్ని నాటకంలో వాడుకోండి: పాత్ర మంత్రం సగం చదివేసరికి అక్షరం ఇంకా లేతగా ఉండాలి, చివరి మాటకు నల్లబడాలి. కొత్త అన్నభేది లేత ఆకుపచ్చ పలుకులుగా ఉంటుంది. పసుపు, గోధుమ రంగు పొడిగా మారిన పాతదైతే ఈ మెల్లగా నల్లబడే అందం రాదు, రాసీ రాయగానే నల్లబడుతుంది.

అన్నభేది గుడ్డలకు అంటితే తుప్పు మరక, ఉతికినా పోదు. మింగితే చిన్నపిల్లలకు ప్రమాదం. తాళం వేసిన చోట పెట్టండి.

ఇనుము గురించి: కరక్కాయ గానీ టీ గానీ ఇనప బాణలిలో కాస్తే ఆ కషాయమే నల్లబడిపోతుంది, పేజీ మొత్తం బొగ్గు రంగు. ఇనప గరిటె, తుప్పు పట్టిన క్లిప్పు, స్టేప్లర్ పిన్ను, ఏది తగిలినా అక్కడో నల్ల మచ్చ. పేజీలను పిన్నులతో కుట్టారంటే నెల తిరక్కుండా ప్రతి పిన్ను చుట్టూ నల్లటి వలయం వస్తుంది. ఆ మచ్చలే కావాలంటే వేరే సంగతి, తుప్పు పట్టిన మేకును తడి పేజీ మీద రాత్రంతా వదిలేస్తే పాత గ్రంథానికి అంతకన్నా మంచి మరక ఇంకొకటి లేదు.

7. పలక పేజీ, నిమ్మరసం పేజీ

ఈ రెండూ చిన్నవి. మార్కాపురం పలక మీద బలపాన్ని తడిపి రాయండి, తడిగా ఉన్నంతసేపూ అక్షరం కనపడీ కనపడకుండా ఉంటుంది, ఆరాక తెల్లగా తేలుతుంది. బడికి పలక పట్టుకెళ్ళిన తరానికి చెప్పక్కర్లేదు. ఒంగోలు మే ఎండలో చకచకా ఆరుతుంది, నవంబరు ముసురులో ఎంతసేపైనా ఆరదు, స్టేజీకి ఇదొకటి ఆలోచించుకోండి.

నిమ్మరసంతో కాగితం మీద రాసి ఆరబెట్టి ఇస్త్రీ పెట్టె ఆనిస్తే గోధుమ రంగు అక్షరాలు వస్తాయి. కొవ్వొత్తి మీద చూపించడం సినిమాల్లో బాగుంటుంది, ఇంట్లో కాగితం అంటుకుంటుంది. ముఖ్యంగా స్పిరిట్ వాడిన గదిలో అసలు చేయొద్దు.

మెరుపు కావాలంటే తుమ్మ జిగురులో అభ్రకం పొడి కలిపి అంచులకు పూయండి. గూడూరు, సైదాపురం వైపు అభ్రకం గనుల ప్రాంతం కాబట్టి రేకులు తెచ్చి ఇంట్లో దంచుదాం అనుకోకండి, ఆ దుమ్ము ఊపిరితిత్తులకు మంచిది కాదు. అలంకరణకు అమ్మే పొడి కొనుక్కోండి.

8. ఏం రాయాలి

నిజం మంత్రాలు, బీజాక్షరాలు, దేవుళ్ళ పేర్లు వాడొద్దు. అర్థంకాని సంస్కృతం కలగాపులగం కూడా వద్దు, అది వినగానే నవ్వొస్తుంది. వంట చెప్పినట్టు చెప్పండి, పాత కొలతలు వేయండి: వీసం, తులం, సోల. మీరు చేసే రసాయనం ఏదో వాక్యంలోనూ అదే ఉండాలి, అప్పుడు చేతి పనీ మాటా కలుస్తాయి. ఉదాహరణకు:

"వీసమెత్తు గుల్లసున్నము సోలెడు నీట వేసి కదపక తేట తీయవలెను. పచ్చని పుటపై ఆ తేటతో పేరు రాసిన ఎరుపు వచ్చును. వచ్చిన ఎరుపును ఎక్కడిదని అడుగరాదు. పులుపు చల్లిన వెళ్ళిపోవును."

దాని పక్కన, వేరే చేతిరాతలో, అంచు మీద ఇలా రాయండి:

"అడిగితిని. నాటినుండి మా పెరటి మందారము తెల్లగా పూచుచున్నది."

ఒకటో అడుగులో రాసుకున్న నియమం ఇక్కడ పనికొస్తుంది. పుస్తకం పాతదనిపించేది టీ మరకల వల్ల కంటే ఈ అంచు రాతల వల్లే. ఇద్దరు ముగ్గురు వేర్వేరు మనుషుల చేత రాయించండి, ఒకరు ఇంకొకరి మాట కొట్టేయాలి, ఒకచోట ధాన్యం లెక్క రాసి ఉండాలి. పాత చేతిరాత ప్రతుల్లో మాటల మధ్య ఖాళీలు, కామాలు ఉండవు, అన్నీ కలిపి రాసేస్తారు, ఆ ఒక్కటి పాటించినా చాలు. కెమెరాకు చదవగలిగేలా ఉండాల్సిన వాక్యం మాత్రం విడివిడిగా రాయండి.

9. పాతబరచడం, కట్టడం

కాగితం పేజీలకు చిక్కటి టీ డికాక్షన్ చాలు. తప్పు ఎక్కడ జరుగుతుందంటే పేజీ మొత్తం ఒకే రంగు వేసేస్తారు. నిజంగా పాతబడిన కాగితం అంచుల్లో ముదురుగా, మధ్యలో లేతగా ఉంటుంది. నమ్మకపోతే వేటపాలెంలో 1918లో మొదలైన సారస్వత నికేతనం లైబ్రరీకి వెళ్ళి పాత పత్రికలు ఒకసారి చూడండి. అంచులు కాల్చడం మానేయండి, పురాతన గ్రంథాలన్నీ అగ్నిప్రమాదంలో చిక్కుకున్నట్టు చూపించడం ఎందుకో నాకు అర్థం కాదు. ఎక్కువగా వేలు పెట్టే కింది మూలకు మాత్రం నూనె చెయ్యి నాలుగుసార్లు రుద్దండి.

కట్టడానికి పేజీలన్నిటికీ ఒకేచోట రెండు రంధ్రాలు చేసి, పైనా కిందా చెక్కలు పెట్టి నూలు తాడు దూర్చండి. మాయ పేజీల మధ్య బటర్ పేపర్ తప్పనిసరి. సున్నం ఆరిన పేజీ పసుపు పేజీకి ఆనుకుంటే గాలిలో తేమకే ఎర్ర మచ్చలు దిగుతాయి.

10. ముందురోజు పరీక్ష

పుస్తకం చివర అదే గుడ్డతో, అదే రంగుతో చేసిన చిన్న ముక్కలు నాలుగు దాచుకోండి. ప్రదర్శనకు ముందురోజు, ఆ రోజు వాడబోయే నీళ్ళతోనే వాటి మీద పరీక్షించండి.

పసుపు ఎర్రగా కాకుండా కాషాయం దగ్గర ఆగిందంటే తేట పలచబడింది. సున్నపు తేట మూతలేకుండా పెడితే గాలికి పైన తెల్లటి పొర కట్టి బలం తగ్గుతుంది, కొత్తగా కలపండి. ఎరుపు వచ్చి, ఆరాక గోధుమ రంగులోకి దిగిందంటే అది తప్పు కాదు, దాని గుణమే అంత. అందుకే ఎరుపును ఆరేలోపు చూపించేయాలి.

నీలం వెలిసిపోయిందంటే పేజీ వెలుతురులో ఉంది. పసుపు కూడా ఎండకు త్వరగా పోతుంది. రెండింటినీ నల్ల గుడ్డలో చుట్టి బీరువాలో పెట్టండి. వానాకాలంలో గంజి పెట్టిన గుడ్డ బూజు పడుతుంది. మన నెల్లూరు, ఒంగోలు తీరంలో అసలు వానలు అక్టోబరు నుంచి కాబట్టి, డిసెంబరు ప్రోగ్రామ్‌కు నవంబరులోనే చేసి పెట్టుకోకండి, గుడ్డలు ముందే కత్తిరించి, జాడించి ఉంచుకుని, గంజి, రంగు మాత్రం చివరి వారంలో వేయండి.

లైటు కూడా చూడండి. పసుపు బల్బుల కింద పసుపు పేజీ తెల్లగా, నీలం పేజీ నల్లగా కనపడతాయి, మారిన రంగు ఎవరికీ తెలియదు. తెల్ల ఎల్ఈడీ ఒక్కటి పుస్తకం మీద పడేలా పెట్టించండి. ఫోన్‌తో తీస్తుంటే వైట్ బ్యాలెన్స్ ఆటోలో వదిలేయొద్దు, పేజీ ఎర్రబడగానే ఫోన్ తెలివి చూపించి దాన్ని సరిచేసేస్తుంది.

అయిపోయాక

మిగిలిన నీళ్ళు బాత్రూమ్ కాలువలో పోసి, వెంట బకెట్ నీళ్ళు పోయండి. ఎర్ర మరకల గుడ్డలు, పిండిన నిమ్మకాయలు, పసుపు ముద్దలు మాత్రం ఒక కవర్లో కట్టి చెత్తబండికే ఇవ్వండి. నాలుగు రోడ్ల కూడలిలోనో, పక్కింటి గేటు దగ్గరో పడేశారంటే తెల్లారేసరికి ఎవరో చేతబడి చేశారని వీధి వీధంతా టెన్షన్. నవ్వులాటగా చెప్పట్లేదు, ఊళ్ళలో ఇలాంటి అనుమానాలతో మనుషుల్ని కొట్టిన సంగతులు ఉన్నాయి. రాత్రిపూట తోటలోనో శ్మశానం పక్కనో షూటింగ్ పెట్టుకుంటే ముందే చుట్టుపక్కల వాళ్ళకూ ఊరి పెద్దలకూ చెప్పండి.

చివరగా, "మా తాతల నాటి తాళపత్రాలు అటక మీద ఉన్నాయి, అవే వాడొచ్చా?" అని అడిగేవాళ్ళు ఉన్నారు. వద్దు. వాటికి పసుపు గానీ నూనె గానీ మసి గానీ పూయొద్దు, ఎండలో పెట్టొద్దు, అంటుకున్న ఆకులను లాగొద్దు. శుభ్రమైన నూలు గుడ్డలో వదులుగా చుట్టి పొడిచోట ఉంచి, అందులో ఏముందో తెలుసుకోవాలంటే తిరుపతి ఎస్వీ యూనివర్సిటీలో ఓరియంటల్ రీసెర్చ్ ఇన్‌స్టిట్యూట్ ఉంది, అక్కడ అడగండి. నాటకానికి కొత్త తాటాకులు కోసుకోండి, మన తీరంలో తాటిచెట్లకేం కరువు లేదు.